మాట ఆగిన చోట

ఆ వీధిలో అతణ్ణి అందరూ రేడియో అనే పిలుస్తారు. సెలూన్ తలుపు తీసింది మొదలు మూసేదాకా ఆ నోటికి విరామం ఉండదు మరి. కుర్చీలో కూర్చున్నవాడి పెళ్ళి సంబంధం దగ్గర్నుంచి పక్క వీధిలో పగిలిన నీళ్ళ పైపు దాకా అన్నీ అతనికే కావాలి. కత్తెర ఆగినా మాట ఆగదని నవ్వుకునేవాళ్ళు జనం. కత్తెర నిజంగానే ఆగిపోతుందని ఎవరనుకున్నారు, పాపం!

కుడిచెయ్యి వణకడం మొదలైంది. ఊరికే ఉన్నంతసేపూ బుద్ధిగానే ఉండేది. ఏదైనా పట్టుకోబోతే చాలు, గజగజలాడిపోయేది. టీ కప్పు నోటిదాకా వచ్చేలోపు సగం టీ చొక్కా మీదే. అలాంటి చేత్తో ఒకరోజు పక్క షాపు దర్జీకి గడ్డం గీస్తుంటే కత్తి జారి దవడ కింద తెగింది. దర్జీ చిన్ననాటి స్నేహితుడు. "ఏం కాలేదులేరా, కుట్లంటే నాకు కొత్తా?" అని తువ్వాలు అదిమిపట్టుకుని నవ్వేశాడు. రేడియో మాత్రం ఆ రోజుతో కత్తి కింద పెట్టేశాడు.

అప్పుడు కత్తి పట్టింది అతని భార్య. ఎవర్నీ సలహా అడగలేదు. ఊదిన బెలూన్‌కి సబ్బునురగ పూసి, అది పేలకుండా గీసి గీసి చెయ్యి కుదుర్చుకుంది. "మీరు నోటితో చెప్పండి, నేను చేత్తో చేస్తాను" అని ఏప్రన్ కట్టుకుని షాపులో నిలబడింది. ఆడమనిషి చేత గడ్డమేంటని ముక్కున వేలేసుకున్నవాళ్ళు కొందరున్నారు. మొదటిరోజే వచ్చి మెడ చాచినవాడు దర్జీ. "ఈ దవడకి ఇంక జరగాల్సిందేముంది చెల్లెమ్మా, కానియ్యి" అన్నాడు.

అలా ఏళ్ళు గడిచాయి. పొద్దున్నే మొగుడికి గడ్డం గీసేదీ, చొక్కా గుండీలు పెట్టేదీ ఆవిడే. ఆ తరవాత షాపుకి వచ్చినవాళ్ళందరి తలలూ ఆవిడ చేతిలోనే. రేడియో ఆవిడ పక్కన కూర్చుని లోకం కబుర్లన్నీ చెప్పేవాడు గానీ, ఆవిడతో చెప్పాల్సిన ఒక్క మంచిమాట మాత్రం ఆ మహానుభావుడి నోట్లోంచి ఊడిపడేది కాదు. సిగ్గో, రోషమో, ఏదైతేనేం!

మందులు మింగీ మింగీ విసిగిపోయాక, ఆవిడే అతణ్ణి పెద్దాసుపత్రికి లాక్కెళ్ళింది. నరాల డాక్టరమ్మ తల ఫోటోలన్నీ చూసి నెమ్మదిగా చెప్పింది.

"మెదడులోకి సన్నని తీగ ఒకటి దించుతాం. వణుకు నడిచే దారిలో కొద్దిగా కరెంటు ఇస్తాం. దానికి కావలసిన బ్యాటరీ ఛాతీ దగ్గర చర్మం కింద పెడతాం."

"తలలో తీగ, ఛాతీలో బ్యాటరీ! నన్ను రేడియో అంటారని మీకెవరు చెప్పారమ్మా?" అన్నాడు.

డాక్టరమ్మ పకపకా నవ్వేసింది. నవ్వాక అసలు సంగతి చెప్పింది. "దాచకుండా చెప్పాలి కదా. ఆపరేషన్‌కి ఉండే ప్రమాదాలు దీనికీ ఉన్నాయి. ఇంకొకటి, తీగ పిసరంత పక్కకి పోయినా, కరెంటు ఎక్కువైనా, చెయ్యి కుదురుకోవచ్చు గానీ మాట ముద్ద కట్టొచ్చు. కరెంటు తగ్గిస్తే మాట తిరిగొస్తుంది. దాంతోపాటు వణుకూ రావచ్చు."

అతను ఇంటికొచ్చి కూలబడ్డాడు.

"చెయ్యి పోతే నువ్వున్నావు. నోరు పోతే నాకెవరున్నారే?"

"నోరు పోతే నాకు కాస్త ప్రశాంతత ఉంటుంది" అని నవ్వబోయి, ఆవిడ ఏడ్చేసింది. "నేను కత్తి పట్టుకున్నప్పుడల్లా మీరు దానివంక చూసే చూపుందే, అది నేను భరించలేకపోతున్నానండీ. ఒక్కసారి వెళ్ళిరండి. ఏమైనా నేనున్నాను."

రేడియో ఒప్పుకున్నాడు.

ఆపరేషన్ రోజు అతని తల గొరిగిన ఆసుపత్రి మనిషికి తిప్పలు తప్పలేదు. "మెషిన్ అలా అదమకు నాయనా, గడ్డి కోస్తున్నావా ఏంటి?" అని గొరిగినంతసేపూ పాఠం చెప్పాడు. తల కదలకుండా ఇనుప చట్రం బిగించారు. నొప్పి తెలియకుండా మందిచ్చారు గానీ, నిద్రపుచ్చలేదు.

"మీరు మెలకువగా ఉండాలి. మాట్లాడుతూనే ఉండాలి, ఆపకూడదు. మీ మాట, మీ చెయ్యి చూసుకుంటూనే మేము తీగ పెట్టేది" అంది తల వెనక నుంచి డాక్టరమ్మ.

పుట్టి బుద్ధెరిగాక ఒక మనిషి అతణ్ణి మాట్లాడమని అడగడం అదే మొదటిసారి! ఇంక చూస్కోండి. నర్సు చెల్లెలి పెళ్ళి ఎందుకు ఆగిపోయిందో కనుక్కున్నాడు. యంత్రం దగ్గర కూర్చున్నతని బట్టతలకి వైద్యం చెప్పాడు. తలలో తీగ దిగుతున్నా, అల్లరి చెయ్యకుండా జుట్టు కత్తిరించుకునే పిల్లల్ని వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చని దంచుతూనే ఉన్నాడు. లోపల మాత్రం ప్రాణాలు బిక్కుబిక్కుమంటున్నాయి. ఏ మాట ఆఖరి మాటో అని, ఒక్కోదాన్నీ గట్టిగా పట్టుకుని వదులుతున్నాడు.

నర్సు అతని చేతికి పెన్నిచ్చి, ముందు కాగితం పట్టుకుంది. లోపల్నుంచి మొదలుపెట్టి గుండ్రంగా చుట్లు గియ్యమంది. పెన్ను పిచ్చిగంతులేసింది.

"ఇప్పుడు కరెంటు ఇస్తున్నాను. మీరు మాట్లాడండి, గీస్తూనే ఉండండి" అంది డాక్టరమ్మ.

"అదేనమ్మా, ఆ పిల్లాడు కుర్చీ దిగి పారిపోతే వాళ్ళ నాన్న..."

అక్కడ మాట ఆగిపోయింది.

"వాళ్ళ నాన్న? ఏం చేశాడు? చెప్పండి."

డాక్టరమ్మ ముందుకి వంగింది.

"మాట వినబడుతోందా? మీ ఊరి పేరు చెప్పండి. ఏదో ఒకటి చెప్పండి!"

ఊహూఁ. ఇంతసేపూ గది హోరెత్తించిన మనిషి నోరు పడిపోయిందంటే ఏమనుకుంటారు? డాక్టరమ్మ గొంతు మారింది. "మాట పోయింది. తీగ పక్కకి దిగినట్టుంది. కరెంటు తీసెయ్యండి, దీన్ని తీసి ఇంకో చోట చూద్దాం" అంది.

"వద్దు!"

అందరూ ఉలిక్కిపడ్డారు.

"ఆపొద్దు తల్లీ, నీకు దణ్ణం పెడతాను. మాటకేం కాలేదు. చెయ్యి చూసుకుంటున్నానంతే. కాసేపు చూసుకోనివ్వండమ్మా."

ఒక్క అక్షరం తడబడలేదు. కాగితం మీద చుట్లు ఒకదాని పక్కన ఒకటి నున్నగా తిరిగాయి. చివర పెన్ను నిలబెట్టిన చోటే నిలబడింది. అతని కళ్ళలోంచి నీళ్ళు చెవుల్లోకి కారుతున్నాయి. నర్సు తుడుస్తూ తనూ ముక్కు ఎగబీల్చింది.

డాక్టరమ్మ గట్టిగా ఊపిరి వదిలింది. "నా పై ప్రాణాలు పైనే పోయాయండీ! మీరు నోరు మూసుకుంటే ఇంత భయమేస్తుందనుకోలేదు."

"మా ఆవిడకి చెప్పకండి, నమ్మదు" అన్నాడు రేడియో. గది గదంతా ఘొల్లున నవ్వింది. తీగ అక్కడే ఉంచేశారు. బయటికి తీసుకెళ్తుంటే తలుపు దగ్గర నేల తుడుస్తున్నావిడకి కూడా దణ్ణం పెట్టాడు.

బ్యాటరీ పెట్టారు, కరెంటు ఎంత కావాలో మెల్లమెల్లగా సరిచేశారు. గాయాలు మానాయి, తల మీద జుట్టూ మొలిచింది. ఒక పొద్దున షాపు తలుపు తీయగానే, భార్య ఏప్రన్ విప్పి మేకుకి తగిలించి, కత్తి అతని చేతిలో పెట్టింది.

"ఇక మీ కుర్చీ మీది."

దర్జీ అప్పటికే కుర్చీలో వెనక్కి వాలి ఉన్నాడు. ఎవరూ పిలవలేదు. రేడియో నురగ రాసి, చర్మం వేళ్ళతో సాగదీసి, దవడ కింద పాత మచ్చ చుట్టూ కత్తి పోనిచ్చాడు. చెయ్యి చెప్పిన మాట విన్నది. దర్జీ గడ్డం తడుముకుని, "ఒరేయ్, నీకెన్ని జన్మల పుణ్యమో గానీ, నా దవడ బతికిపోయింది" అని కౌగలించుకున్నాడు. ఇద్దరూ ఏడ్చారు, ముసలి వెధవలు.

సరిగ్గా అప్పుడే, ఎప్పుడూ గడ్డానికొచ్చే బస్సు డ్రైవరొకడు లోపలికొచ్చాడు. రేడియో తువ్వాలు దులిపి, "రా రా, కూర్చో!" అన్నాడు. డ్రైవరు అతని చేతిలో కత్తివంకా, మేకుకి ఉన్న ఏప్రన్ వంకా చూసి నసిగాడు.

"చెయ్యి బాగయిందటగా బాబాయ్, చాలా సంతోషం. కానీ... ఏమనుకోకు. నాకు పిన్ని చేతికే అలవాటు."

"ఛ, అవేం మాటలు? కూర్చో" అని ఆవిడ కసిరింది. రేడియోకి మనసు చివుక్కుమంది. అబద్ధమెందుకు, మంటే పుట్టింది. కానీ ఆవిడ చేతులవంక చూశాడు. సబ్బుకీ నీళ్ళకీ ఒరిసి, వేళ్ళ కొసలు తెల్లగా పగిలి ఉన్నాయి. ఇన్నేళ్ళుగా తన గుండీలు పెట్టిన వేళ్ళు.

మేకు మీది ఏప్రన్ తీసి, ఆవిడ నడుముకి తనే కట్టాడు. ముడి ఒక్కసారికే పడింది.

"చెయ్యి పోయిందని ఊరందరి దగ్గరా ఏడ్చాను. అది నీ దగ్గరే ఉంది. నీవల్లే ఈ షాపు బతికింది, నేను బతికాను. వాగినన్నాళ్ళూ వాగాను గానీ, ఈ మాట నీకెప్పుడూ చెప్పలేదే. రేపే ఇంకో కుర్చీ తెస్తాను. ఇద్దరం చేద్దాం."

ఆవిడ కత్తి అందుకుని డ్రైవరు బుగ్గకి నురగ రాయడం మొదలుపెట్టింది. కళ్ళకి మాత్రం ఏమీ కనబడుతున్నట్టు లేదు.

"పిన్నీ, కళ్ళు తుడుచుకుని గియ్యమ్మా. నాకు పెళ్ళాం బిడ్డలున్నారు" అన్నాడు డ్రైవరు.

ఆవిడ రెండు చేతులూ నురగే. రేడియో తువ్వాలు కొసతో, కుడిచేత్తో, ఆవిడ కళ్ళు తుడిచాడు.