యాభై ఒకటో ప్రశ్న

ఆ రోజు సంగటి కెలుకుతున్నాను. రెండు చేతులతో తెడ్డు పట్టుకుని తిప్పుతుంటే మా ఆయన సాయినాథ్ వంటింటి గుమ్మంలో నిలబడి, "ఏమే, ఘానాకు స్వాతంత్ర్యం ఎప్పుడొచ్చింది?" అని అడిగాడు. యాభై ఏడు, మార్చి ఆరు అన్నాను. చేతిలోని కాగితం మీద రాసుకుని వెళ్ళాడు. మళ్ళీ వచ్చాడు. తుర్కీ ఎప్పుడు గణతంత్రమైంది, సూయజ్ కాలువను జాతీయం చేసిందెవరు, జర్మనీని మొదట ఏకం చేసిందెవరు. ముద్దలు కట్టేలోపు ఆరు జవాబులు చెప్పాను. వసారాలో కూర్చున్న మా అత్త ఆదిలక్ష్మమ్మ అక్కడి నుంచే, "వాడు చదువుకుంటాంటే నువ్వు మాటలు పెట్టుకోవద్దు మే. వాని ధ్యానం చెడిపోతాది" అంది.

నవ్వొచ్చింది కానీ నవ్వలేదు. ఆ ప్రశ్నలు హిందూపురంలోని ఒక సంఘం వాళ్ళు గృహస్థులకు పెట్టిన పోటీవి. ప్రపంచ రాజకీయ చరిత్ర, దేశాల నిర్మాణం మీద యాభై ప్రశ్నలు. ఇంట్లోనే రాసి పోస్టులో పంపాలి, బాగా రాసిన వాళ్ళను వేదిక మీదికి పిలుస్తారు. మగ్గం మీద కూర్చునేవాళ్ళకు పట్టుచీర తప్ప ఇంకేం తెలుస్తుందని ధర్మవరం అంగట్లో ఎవరో అన్నారట. ఆ మాట మా ఆయనకు గుచ్చుకుంది. గుచ్చుకోవడం న్యాయమే. అందుకే నేనూ చెప్పాను.

నాకెలా తెలుసంటే, మా మరిది హనుమంతు నాలుగేళ్ళు పోటీ పరీక్షలకు చదివాడు. పుస్తకం పట్టుకుని అడిగే పని నాది. ఒక చేత్తో రాట్నం తిప్పుతూ, ఒళ్ళో పుస్తకం పెట్టుకుని అడిగేదాన్ని. తప్పు చెబితే పెన్సిలుతో ఇంటు కొట్టి, పక్కన సరైన జవాబు రాసేదాన్ని. పదో తరగతి ఫస్టు క్లాసులో పాసై రొద్దంలో మా నాయన ఇంట్లో ఆగిపోయిన నా చదువు, అలా ఇంకొకరి కోసం మళ్ళీ నడిచింది. దేశాల జెండాలు నాకు చీరల్లాగా గుర్తుండేవి. ఎర్రంచు, పసుపు ఒళ్ళు, పచ్చ కొంగు, నడుమ ఒక నల్ల బుటా అంటే ఘానా. ఉద్యోగం వచ్చిన రోజు మరిది అమ్మానాన్నలకు, మాస్టర్లకు, టీ కొట్టాయనకు కూడా పేరుపేరునా కృతజ్ఞతలు చెప్పాడు. నా దగ్గరికి వచ్చేసరికి, "వదిన వేళకు అన్నం పెట్టింది" అన్నాడు. అదీ నిజమే కదా అనుకున్నాను. మనసులో ఏదో కలుక్కుమన్నా, దేవుడి దీపం ముందు కూర్చుంటే సర్దుకుంది. నాకు అన్నీ అలాగే సర్దుకునేవి.

రెండు నెలలకు ఉత్తరం వచ్చింది. మా ఆయన చివరి నలుగురిలో ఉన్నాడు, సతీ సమేతంగా రావాలి అని. ధర్మవరంలో పొద్దున రైలెక్కాము. పెనుకొండ దాటేవరకూ ఆయనకు ప్రశ్నలు వేస్తూనే ఉన్నాను. స్త్రీలకు ఓటుహక్కు ఏ దేశం ఎప్పుడిచ్చింది అనే పేజీ దగ్గరికొస్తే, "ఆడోళ్ళ సంగతులు అడగర్లే, తిప్పెయ్" అన్నాడు. తిప్పేశాను.

హిందూపురం హాల్లో మగవాళ్ళు నలుగురూ వేదిక మీద, భార్యలం నలుగురం ముందు వరసలో. మాకు పూలిచ్చారు, బొట్టు పెట్టారు. వెంకటస్వామి గారని రిటైరైన హెడ్మాస్టరు మైకు పట్టుకుని ఒక్కొక్కరి గురించి కాగితం చూసి చదివారు. మా ఆయన వంతు వచ్చింది. చేనేత కుటుంబమనీ, మగ్గం నేస్తూనే చరిత్ర చదువుకున్నారనీ చెప్పి, "వీరి శ్రీమతికి చదువు రాదు. అయినా ఆమెను పక్కన కూర్చోబెట్టుకుని రోజూ ప్రపంచ చరిత్ర చెబుతారట. సంతకం కూడా నేర్పుదామనుకుంటున్నారట" అన్నారు.

హాలంతా చప్పట్లు కొట్టింది. నా పక్కనున్నామె నా చేయి పట్టుకుని మెల్లగా నొక్కింది. నాకు మొదట అర్థం కాలేదు. వేరెవరి కాగితమో కలిసిపోయిందనుకున్నాను. మా ఆయన లేచి సరిచేస్తాడని చూశాను. ఆయన మెడలో కండువా సర్దుకుంటూ సభకు దండం పెడుతున్నాడు. చప్పట్లు ఆగాయో లేదో తెలియలేదు. పదహారేళ్ళ కాపురంలో ఆయన నన్ను కొట్టలేదు, తిట్టడం కూడా తక్కువే. మంచివాడే అని నేనే పదిమందికి చెప్పాను. ఆ మంచివాడు ఒక కాగితం మీద నా చదువును తుడిచేసి, ఒక ముక్క కూడా నాకు చెప్పకుండా నన్ను రైలెక్కించి, పూలు పెట్టించి, ఇక్కడ కూర్చోబెట్టాడు.

ప్రశ్నలు ఎప్పుడు మొదలయ్యాయో, ఎన్ని నడిచాయో. తేరుకునేసరికి ఇద్దరు సమానంగా నిలిచారు, మా ఆయన ఒకడు. వెంకటస్వామి గారు చివరి ప్రశ్న చదివారు. "స్త్రీలకు జాతీయ ఎన్నికల్లో ఓటు వేసే హక్కు 1971లో గానీ ఇవ్వని ఐరోపా దేశం ఏది?"

మా ఆయన నా వైపు చూశాడు. గడ్డం కొంచెం పైకెత్తాడు. అంచును వేరే రంగులో కలిపి నేసే కుట్టంచు చీరకు, అంచు వైపు కూర్చున్న నేను పోగు నడిపే నాడె అందించాలి, ఆయన నోటితో అడగడు, గడ్డం ఎత్తుతాడు, అంతే. నా చేయి ఒళ్ళో కదిలింది కూడా. చెప్పకూడదని నేనేమీ అనుకోలేదు. జవాబు తెలుసు, పెదవులు కదపడానికి రాలేదు.

వెంకటస్వామి గారు గమనించి, "ఏమప్పా సాయినాథ్, ఆయమ్మ దిక్కు చూస్తాండావు? పాపం ఆయమ్మకేం తెలుస్తాది" అన్నారు. అందరూ నవ్వారు. మా ఆయనా నవ్వాడు.

ఫ్రాన్సు అన్నాడు. తప్పు. రెండో బహుమతి.

సభ అయ్యాక బహుమతి అందినట్టు దంపతులిద్దరూ రిజిస్టరులో సంతకం చేయాలన్నారు. బల్ల దగ్గర మంజుల అనే అమ్మాయి ఉంది. మా ఆయన గబగబా సంతకం పెట్టి, పలకరిస్తున్న వాళ్ళ మధ్యకు వెళ్ళాడు. ఆ అమ్మాయి నా ముందు సిరా పెట్టె తెరిచి, ఎంతో మర్యాదగా నా ఎడమ బొటనవేలు తన చేతిలోకి తీసుకుంది. "ఈడ ఒత్తక్కా. ఏం గాదు, నేను తుడుస్తా" అంది.

వేలు వెనక్కి లాక్కున్నాను. నాకు చదువు రాదని ఎవరు చెప్పారమ్మా అని అడిగాను. ఆమె తడబడి ఫైలు తీసి చూపించింది. సాయినాథన్నే రాసినాడు కదక్కా, అందుకే సిరాపెట్టె తెచ్చినా అంది. యాభై జవాబులూ ఆయన చేతిరాతలో, నా మాటల్లో ఉన్నాయి. వాటి కింద యాభై ఒకటో నంబరు వేసి ఇంకో ప్రశ్న ఉంది. ఆయన గుమ్మంలోకి వచ్చి అడగనిది అదొక్కటే. "ఈ జవాబులకు ఇంట్లో ఎవరి సహాయమైనా తీసుకున్నారా?" దాని పక్కన, "లేదు. భార్యకు చదువు రాదు."

వ్రతంలో సంకల్పం చెప్పేటప్పుడు నా పేరు ఎవరూ పలకరు, ధర్మపత్నీ సమేతస్య అంటారు. ఆయన చేతికి నా చేయి తాకిస్తే చాలు, ఆయన చేసింది నేనూ చేసినట్టే. ఇన్నేళ్ళూ ఆ తాకించడంలో పుణ్యం సగం వస్తుందని నమ్మాను, ఇప్పుడూ నమ్ముతున్నాను. మరి ఈ సిరా ముంచిన వేలు ఈ కాగితానికి తాకిస్తే నాకేం వస్తుంది? భర్తను నలుగురిలో తగ్గించడం పాపమని మా అవ్వ చెప్పేది. ఉన్న చదువును లేదని వేలు ఒత్తడం ఏమిటో మా అవ్వ చెప్పలేదు. ఆమెను ఎవరూ అడిగి ఉండరు.

"పెన్ను ఇయ్యమ్మా" అన్నాను.

అవతల మా ఆయన ఎవరితోనో గట్టిగా నవ్వుతున్నాడు. నేను ఆ యాభై ఒకటో జవాబు మీద ఇంటు కొట్టాను. పక్కన నా గుండ్రటి అక్షరాలతో రాశాను.

"తీసుకున్నారు. యాభైకీ. ఇట్లు, ప్రమోద."