ఎనిమిది అడుగుల గీత

ఆర్మూరులో చౌరస్తా దగ్గర రత్నవ్వ హోటల్ పొద్దున ఐదున్నరకు తెరుచుకుంటుంది. ఆమె ముందు వాకిట్లో నీళ్లు చల్లుతుంది, తర్వాత పొయ్యి వెలిగిస్తుంది, ఆ తర్వాత రోడ్డు పక్కన తెల్ల పెయింటుతో గీసిన గీత చెరిగిందేమో చూసుకుంటుంది. ఆ గీత పొయ్యికి ఎనిమిది అడుగుల దూరంలో ఉంటుంది. గీత అవతల ఒక స్టూలు. అది తుకారాంది.

తుకారాం ఎనిమిది అడుగుల లోపలికి వస్తే నిప్పు ఆరిపోతుంది. అగ్గిపుల్ల, బీడీ, గ్యాస్ పొయ్యి, దేవుడి దీపం, ఏదైనా సరే. పదిహేడో ఏట మొదలైంది. మొదట్లో ఏడడుగులే ఉండేదని, వయసుతో పాటు పెరిగిందని రత్నవ్వ అంటుంది. ఆమె కొలతల సంగతి ఆమె గ్లాసులో చాయ్ తాగినవాళ్లకు తెలుసు.

ఊరు దీన్ని పెద్దగా పట్టించుకోలేదు. ఒకరికి తుమ్ములెక్కువ, ఒకరికి మాటలెక్కువ, తుకారాంకు ఇది. గ్యాస్ వెల్డింగ్ నేర్చుకోవడానికి భీమ్‌రావు దుకాణంలో చేరితే, భీమ్‌రావు మూడు రోజులు మంట వెలిగించుకుంటూ గడిపి, నాలుగో రోజు అన్నాడు: "ఒరేయ్, నువ్వు పనికొస్తవ్ గని, నువ్వుంటే నా మంట పనికొస్తలేదు. పోయి ఆర్గాన్ వెల్డింగ్ నేర్చుకో. దాంట్ల మంట లేదు, కరెంటుంటది, సిలిండర్ల గ్యాసుంటది."

అలా తుకారాం హోటల్‌కు ఎదురుగా సొంత దుకాణం పెట్టుకున్నాడు. స్టీలు రెయిలింగులు, గేట్లు, సీజన్లో పసుపు ఉడకబెట్టే బాయిలర్ల పైపులు. రైతులు పైపు ఊడదీసి దుకాణానికే తెస్తారు. "నువ్వు మాత్రం బాయిలర్ కాడికి రాకు అన్నా," అని మర్యాదగా చెప్పి పోతారు.

ఒకసారి పెళ్లి కూడా కుదిరింది, జక్రాన్‌పల్లి పిల్లతో. హోమం పది సార్లు ఆరింది. పదకొండోసారి పంతులు అగ్గిపెట్టె కింద పెట్టి భోజనాలెప్పుడని అడిగాడు. వంటలు దూరంగా పెట్టారు కాబట్టి బతికిపోయాయి. ఆడపిల్లవాళ్లు నిండుగా తిని, పిల్లను తీసుకుని వెళ్లిపోయారు. లడ్డూలు బాగున్నాయని ఇప్పటికీ చెప్పుకుంటారు.

నాలుగేళ్ల కింద అతని తల్లి భూమవ్వ పోయింది. ఒక్కడే కొడుకు. చితి అంటుకోలేదు. మూడోసారి పెద్దమనుషులు, "జర దూరం జరుగు బిడ్డా," అన్నారు. మేనమామ కొడుకు నిప్పు పెట్టాడు. ఎనిమిది అడుగులు జరిగితే సరిపోయేది. తుకారాం వంద అడుగులు వెళ్లి నిలబడ్డాడు, ఎందుకైనా మంచిదని. ఆ రోజు ఆర్మూరులో ఎవ్వరూ ఏమీ అనలేదు. అలాంటి రోజు ఈ ఊరికి ఏడాదికొకటి కూడా రాదు.

నిరుడు జూన్‌లో పద్మలత మేడం మోర్తాడ్ నుంచి ఆర్మూరు బడికి బదిలీ అయి వచ్చింది. రసాయన శాస్త్రం చెబుతుంది. ఒంటరిగా గది తీసుకుంది. ఆ గదిలో పొయ్యి లేదని రెండో రోజుకల్లా ఊరికి తెలిసిపోయింది. అటుకులు, పెరుగు, అరటిపండ్లు. ఉపవాసాలని రత్నవ్వ తేల్చింది. పిసినారితనమని ఇస్త్రీ అతను తేల్చాడు. అసలు సంగతి బడి అటెండర్ గంగాకిషన్ చెప్పాడు. కడుపులో మాట పెట్టుకుంటే అతనికి అజీర్తి చేస్తుంది.

మోర్తాడ్‌లో ఆమె పిల్లలకు సోడియం చూపించింది. కిరోసిన్‌లో దాచిపెట్టే లోహం అది. నీళ్లు తగిలితే చిటపటలాడుతుంది. పెసర గింజంత వేయాల్సింది, శనగ గింజంత పడింది. మండుతూ ఎగిరి చున్నీ మీద వాలింది. పిల్లలకేం కాలేదు. ఆమె ఎడమ చెయ్యి కాలి, మణికట్టు నుంచి మోచేతి దాకా చర్మం ముడుచుకుపోయింది. అప్పటి నుంచి ఎక్కడ అగ్గిపుల్ల గీసినా ఆ చెయ్యి వణుకుతుంది. పాఠమంతా సుద్దముక్కతోనే. ఏ మూలకం ఎప్పుడు దొరికింది, ఆ పేరెందుకొచ్చింది, ఎక్కడ వాడతారు. పిల్లలు నూట పద్దెనిమిది పేర్లూ గడగడా చెబుతారు. ఒక్కటి మండగా చూసినవాళ్లు లేరు.

"పాఠం చెప్పే అర్హత నాకు లేదు సార్, ఆఫీసు పనికి పంపండి," అని ఆమె దరఖాస్తు రాసింది. హెడ్మాస్టరు నరహరి సారు దాన్ని సొరుగులో పెట్టాడు. సొరుగులో పెట్టడమే ఆయన పరిపాలన. ఈసారి మాత్రం ఒక మాట అన్నాడు: "ఫిబ్రవరి ఇరవై ఎనిమిది సైన్స్ డే. ఆనాడు ఒక్క ప్రయోగం చేసి చూపెట్టండి మేడం. కాకుంటే మరునాడే సంతకం పెడత."

జనవరిలో టిఫిన్ బాక్సు పిడి ఊడిపోతే ఆమె తుకారాం దుకాణానికి వచ్చింది.

"నిమిషం పని మేడం. కండ్లు మూసుకోండి, వెలుగు చూడొద్దు."

ఆమె కళ్లు మూసుకుని ఎడమ చెయ్యి కుడిచేత్తో పట్టుకుంది. చెయ్యి వణకలేదు. కళ్లు తెరిచి, "ఇక్కడ మంట లేదా?" అంది.

"నా కాడ మంట నిలువది మేడం."

ఆమె సిలిండర్ మీద పేరు చదివింది. "ఆర్గాన్. గ్రీకు మాట. సోమరి అని అర్థం. దేనితోనూ కలవదని ఆ పేరు పెట్టారు."

"అచ్చం మా తుకారామే!" అని రోడ్డు అవతలి నుంచి రత్నవ్వ అరిచింది. ఆమె చెవులు మాత్రం ఎనిమిది అడుగులకు లొంగవు.

పద్మలత అటు చూడలేదు. "గాలిలో దాదాపు నూటికి ఒక వంతు ఇదే. మనం పీల్చే ప్రతి ఊపిరిలో ఉంది. అయినా నూట ముప్పై ఏళ్ల కిందటి దాకా ఎవరికీ తెలియదు. గాలి నుంచి తీసిన నత్రజనిని తూస్తే ఉండాల్సిన దానికన్నా రవ్వంత బరువు ఎక్కువ వచ్చింది. ఆ రవ్వంత ఎక్కడిదని వెతికితే ఇది దొరికింది."

తుకారాం టిఫిన్ బాక్సు తుడిచి ఆమెకు అందించాడు. "గన్ని దినాలు దాన్ని ఎవ్వలు పిలువనే లేదా మేడం?"

మరునాడు సాయంత్రం ఆమె దిద్దాల్సిన నోటుబుక్కులు తెచ్చుకుని దుకాణంలో కూర్చుంది. ఆ తర్వాత రోజూ. తుకారాం పక్కన అంతసేపు ఉన్నది వెల్డింగ్ మిషన్ తర్వాత ఆమే. ఊరు మాట్లాడుకోవాల్సినంత మాట్లాడుకుంది. వాళ్లు మాత్రం పెద్దగా మాట్లాడుకోలేదు.

ఫిబ్రవరి ఇరవై ఏడున ఆమె నోటుబుక్కు మూసి, "రేపు మీరు బడికి రావాలె," అంది.

"నేనొస్తే మంట ఆరిపోతది మేడం."

"అందుకే రమ్మంటున్న. మెగ్నీషియం వెలిగిస్తా. దాని మీద నీళ్లు పోస్తే ఇంకా మండుతది. కార్బన్ డయాక్సైడ్‌లో కూడా మండుతది. ఆర్గాన్‌లో మాత్రం ఆరిపోతది." ఆమె ఆగింది. "మీరు ఎనిమిది అడుగుల అవతల నిలబడండి. నా చెయ్యి తప్పితే ఒక్క అడుగు లోపటికి వెయ్యండి. అంతే."

తుకారాం ఆ రోజు కొత్త చొక్కా ఇస్త్రీకి ఇచ్చాడు. ఇస్త్రీ అతను, "ఎవలదన్నా పెండ్లా?" అని అడిగి, బొగ్గులు ఆరకముందే దూరంగా పొమ్మన్నాడు.

మరునాడు గంగాకిషన్ టేపుతో కొలిచి తరగతి గదిలో సుద్దగీత గీశాడు. తుకారాం చెప్పులు విప్పి, బొటనవేళ్లు గీతకు ఆనించి నిలబడ్డాడు. వెనక బల్లల మీద పిల్లలు. తలుపు దగ్గర నరహరి సారు, జేబులో దరఖాస్తు.

మొదటి అగ్గిపుల్ల విరిగింది. రెండోది గీసేసరికి ఆమె ఎడమ చెయ్యి వణకసాగింది. తుకారాం కుడికాలు మడమ లేచింది. ఆమె మంటను చూడలేదు, ఆ కాలును చూసింది. "వద్దు. అక్కడే ఉండండి," అంది.

అతను పుట్టి నలభై ఒక్క ఏళ్లు. జరుగమని చెప్పినవాళ్లే గాని, ఉండమని చెప్పినవాళ్లు అంతవరకు లేరు. మడమ కింద ఆనించాడు.

ఆమె స్పిరిట్ దీపం వెలిగించి, పట్టకారుతో సన్నటి మెగ్నీషియం తీగను ఆ మంటలో పెట్టింది. గదంతా ఒక్కసారిగా తెల్లబడింది. పిల్లలు అరిచారు. "సూటిగా చూడొద్దు, పక్కకు చూడండి," అంటూ ఆమె చివరి దాకా పట్టుకుంది. తీగ అంతా తెల్లటి బూడిదై పళ్లెంలో రాలింది. తుకారాం గీత దాటలేదు. నరహరి సారు జేబులోంచి కాగితం తీసి, చింపడం అలవాటు లేక, నాలుగు మడతలు పెట్టి ఆమె చేతికే ఇచ్చాడు.

మార్చిలో ఊరంతా పసుపు ఉడికే వాసన. పద్మలత గదిలోకి గ్యాస్ పొయ్యి వచ్చింది. ఒక ఆదివారం పొద్దున తుకారాం ఆమె వాకిట్లో, పొయ్యికి ఎనిమిది అడుగుల అవతల, స్టూలు వేసుకుని కూర్చున్నాడని రత్నవ్వ కళ్లారా చూసింది. ఆ వీధిలో ఆమెకు పనేమిటని ఎవరూ అడగలేదు.

తెరిచిన తలుపులోంచి నీలిమంట కనిపిస్తోంది. పప్పు ఉడికింది, తాలింపు పడింది, అన్నం దిగింది. పద్మలత పొయ్యి ఆపి, చేతులు తుడుచుకుని గడప దగ్గరికి వచ్చింది.

"స్టవ్ బంద్ చేసిన. లోపటికి రండి."

తుకారాం లేచి, అలవాటుకొద్దీ స్టూలు తీసుకుని రెండడుగులు వెనక్కి వేశాడు.

ఆమె మళ్లీ పిలిచింది.