పందిరి కట్టిన పిల్లర్లు

స్లాబ్‌కు ఇనుము కట్టడం పూర్తయిన సాయంత్రమే కోర్టు మనిషి ఆర్డరు పట్టుకొచ్చాడు. మళ్లీ వాయిదా వరకు పని ఆపాలి. కేసు వేసింది మా పక్కింటి ధర్మారావు గారు. నా పిల్లర్లు ఆయన స్థలంలోకి వచ్చాయనీ, ఆయన ఊళ్లో లేనప్పుడు కిందటి వారమే హడావిడిగా లేపాననీ ప్రమాణం చేశారు. నా మాట వినకుండానే కోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది.

చిలకలపూడిలో రోల్డ్‌గోల్డ్ నగలు చేయించి అమ్ముతాను. అద్దె షెడ్డు ఈ ఆషాఢంలోనే ఖాళీ చేయాలి. కొత్త కట్టడానికి కప్పు పడితేనే శ్రావణమాసపు సరుకు చేయగలను. శ్రావణం పోతే ఏడాది పోయినట్టే. పైగా బందరు ఉప్పుగాలి ఆర్డర్లు చదవదు, ఇనుమును తింటూనే ఉంటుంది.

"ఆదివారం కోర్టుకి సెలవు కదండీ," అన్నాడు మేస్త్రి. "పొద్దున్నే కాంక్రీటు కలిపే మిల్లర్ పెట్టేస్తే మధ్యాహ్నానికి స్లాబ్ అయిపోద్ది."

"సోమవారం నన్ను లోపల పెడతారు. ఆయన తప్పు నేను కొనుక్కోవడం ఏం బేరమయ్యా?"

నా భార్య మేరీని వెంటబెట్టుకుని లాయరు ఉమామహేశ్వరి గారి దగ్గరికి వెళ్లాను.

"పై కోర్టుకి వెళ్దామా అండీ?" అని అడిగాను.

"ముందు ఇచ్చిన జడ్జిగారినే ఎత్తెయ్యమందాం. అబద్ధం చెప్పి తెచ్చుకున్న ఆర్డరని తేలితే అక్కడే పోతుంది. పిల్లర్లు ముందే ఉన్నట్టు చూపించేదేమైనా ఉందా?"

మేరీ నా వైపు తిరిగి నవ్వింది. "ధర్మారావు గారబ్బాయి పెళ్లి పందిరి తాళ్లు దేనికి కట్టారండీ?"

మాఘమాసంలో ధర్మారావు గారే వచ్చి, మా పిల్లర్లకు తాళ్లు కట్టుకుంటామని అడిగారు. గబగబా ఫోను తీశాను. ఆ పెళ్లిలో నేను తీసిన ఫొటో ఒకటుంది. ఆయన భార్య మెడలోని కాసులపేరు కోసం తీశాను. చూసినప్పుడల్లా కాసులపేరే చూశాను. సరుకు దాటి పోని కళ్లు నావి. ఇప్పుడు చూస్తే ఆవిడ వెనక నా పిల్లరు, దానికి పందిరి తాడు, పిల్లరు మీద చెయ్యేసి నవ్వుతూ ధర్మారావు గారు.

"ఇది చాలండీ," అన్నారు లాయరుగారు, కుర్చీలోంచి సగం లేచి. "కానీ ఎందుకు తీశారని అడుగుతారు."

"అదే చెప్పలేనండీ. ఆవిడకి పుట్టింటివాళ్లు పెట్టిన కాసులపేరు ఈయన వాళ్లకి తెలియకుండా బ్యాంకులో కుదువపెట్టారు. దానిలాంటిది నేను చేసిచ్చాను. ఎవరింటికి ఏ నగ వెళ్లిందో బయటపెట్టిన కొట్టుకి చిలకలపూడిలో మళ్లీ గిరాకీ రాదు."

"మరి జడ్జిగారు అడిగితే?"

"అప్పటి బేరం అప్పుడు చూద్దాం."

వాయిదా రోజు ధర్మారావు గారి పక్కన గుడివాడ నుంచి వచ్చిన ఆయన బావమరిది కూర్చున్నాడు. కాసులపేరు పెట్టిన పుట్టిల్లు అతనిదే.

ఫొటో జడ్జిగారి చేతికి వెళ్లింది. అవతలి లాయరు లేచాడు. "పరాయి ఇంటి ఆడవాళ్లని ఇంత దగ్గరగా ఫొటో తీశాడు. ఇలాంటివాడి మాట నమ్మాలా సార్?"

అందరూ నావైపు తిరిగారు. చెవులు కాలాయి. ఒక్క నిజం చెబితే నా పరువు దక్కుతుంది, వ్యాపారం పోతుంది.

"ఎందుకు తీశారు?" అన్నారు జడ్జిగారు.

"ధర్మారావు గారికి తెలుసండీ. ఆయన్నే చెప్పమనండి."

బావమరిది మెడ చాచి ఫొటో వైపు చూస్తున్నాడు. ధర్మారావు గారు చటుక్కున లేచారు. "ఆ ఫొటో మమ్మల్ని అడిగే తీశారు సార్. దాని సంగతి వదిలేయండి. పెళ్లినాటికే ఆ పిల్లర్లున్నమాట నిజమే."

హద్దు సంగతి అసలు కేసులో తేలుతుందని చెప్పి, జడ్జిగారు ఉత్తర్వు ఎత్తేశారు. మెట్లు దిగుతూనే మేస్త్రికి ఫోన్ చేశాను. "మిల్లర్ పెట్టించు."

మర్నాడు మిల్లర్ రొదలో ధర్మారావు గారు గోడ దగ్గరికొచ్చారు. "శ్యాంబాబు గారూ, మా బావమరిదికి ఏం చెప్పలేదు కదా?"

"దేని గురించండీ?"

ఆయన గోడ గీరుతూ గొంతు తగ్గించారు. "కేసు వెనక్కి తీసుకుంటాను."

"మంచిదండీ. కాసులపేరు మెరుపు తగ్గితే పంపండి, పాలిష్ పెట్టిస్తాను."

"మెల్లగా అనండి," అన్నారాయన, వెనక్కి తిరిగి ఇంటివైపు చూస్తూ.