ఊరేగింపులో ఎవరు నడవాలి

తినోలా అనే కోడి పులుసులో పచ్చి బొప్పాయి వేయాలా, సీమ వంకాయ వేయాలా అన్న దగ్గర మొదలైంది ఆ ఆదివారం గొడవ.

"బొప్పాయి లేని తినోలా ఏం తినోలా, పురిటా? మా అమ్మ చూస్తే గిన్నె ఎత్తి పారబోసేది" అంది అంపారో.

"బజారులో నాకు సీమ వంకాయే దొరికింది వదినా. మీకు నచ్చకపోతే అల్లం ముక్కలు ఏరుకు తినండి" అంది మరదలు. ఆ ఊపులోనే ఇంకో మాట అనేసింది. "అన్నట్టు, శాంతాక్రుసాన్ పండగ రోజు మీరు ఇంట్లోనే ఉండండి. ఊరేగింపు కమిటీ పెద్ద హోనోరియోగారు నిన్న వచ్చి మరీ చెప్పి వెళ్లారు."

అంపారో చేతిలో గరిటె ఆగిపోయింది.

ఈ ఏడాది తమ ఊరు హగోనోయ్ ఊరేగింపులో, క్రీస్తు శిలువను వెతికి తెచ్చిన ఎలెనా రాణిగా కిరీటం పెట్టుకోబోయేది ఆమె మేనకోడలు రోవేనా. రాణి వెనక ఇంటి ఆడవాళ్లు కొవ్వొత్తులు పట్టుకుని నడుస్తారు. ఆ పిల్లను ఎత్తుకు పెంచిన మేనత్త మాత్రం తలుపు వేసుకుని కూర్చోవాలట!

కారణం ఊరందరికీ తెలుసు. ఇరవై ఏళ్ల కిందట మనీలాలో బొంబా సినిమాలు జోరుగా నడిచాయి. ఒంటిమీద బట్ట ఎంత తగ్గితే హాలు బయట వరస అంత పెరిగేది. తండ్రి పోయాక కుట్టుపనికని వెళ్లిన అంపారో, వేరే పేరుతో అలాంటి వాటిలో నటించింది. మార్షల్ లా రోజుల్లో ఆ సినిమాలు సన్నగిల్లాయి. కొన్నాళ్లకు ఇంకో పేరుతో మళ్లీ వచ్చాయి. వచ్చిన ప్రతిసారీ కొత్త పిల్లలు తెర మీదికి వచ్చారు, పాతవాళ్లు ఊళ్లకు తిరిగొచ్చి తలుపులు వేసుకున్నారు. తమ్ముడు క్లెటో ఇంజనీరు చదువూ, వాళ్లంతా ఉంటున్న ఈ ఇల్లూ ఆ సంపాదనే. ఆ సంగతి ఆ ఇంట్లో ఎవరూ పైకి అనరు.

"నాన్నా, అత్త ఎందుకు రాకూడదు?" రోవేనా తండ్రిని నిలదీసింది. "ఊరికే గోడకేసి చూడకు. చెప్పు."

క్లెటో అక్క మొహం చూడకుండానే అన్నాడు. "నీ సినిమా నేను చూశానక్కా. కాలేజీలో ఉన్నప్పుడు. స్నేహితులు లాక్కెళ్లారు. నది సీను అయిపోయాక గదిలో... అది చూసి సగంలో లేచి వచ్చేశాను. అప్పట్నుంచి నీతో తిన్నగా మాట్లాడలేకపోయాను."

"గదిలో సీనా?" అంపారో నొసలు చిట్లించింది. "నదిలో తడిసిన గౌనుతో నటించాను, కాదనను. గది సీను ఆ సినిమాలో లేదురా. అది సింగిట్. సెన్సారు వాళ్లు చూసి వెళ్లిపోయాక హాలువాళ్లు వేరే ఏదో రీలు ముక్క మధ్యలో అతికించేవాళ్లు. మొహం కనపడనిది చూసి అతికిస్తే, జనం మేమే అనుకునేవాళ్లు."

"అంటే అది నువ్వు కాదా?" క్లెటో మొహం ఒక్కసారిగా తేలికపడింది. "ఈ మాట ఇన్నేళ్లూ ఎందుకు చెప్పలేదక్కా!"

"నువ్వు అడిగితేగా." ఆమె గరిటె పక్కన పెట్టింది. "ఇప్పుడు నీ ప్రాణం కుదుటపడిందా? మీ అక్క కాదు, ఎవరో పిల్ల. ఆమె ఒళ్లు ఏ సినిమాలో ఎన్నిసార్లు అతికించారో ఆమెకైనా తెలుసో లేదో. ఆమెకీ ఒక తమ్ముడు ఉండే ఉంటాడు. వాడు ఎవరి మొహం చూడలేక తిరుగుతున్నాడో!"

క్లెటో మొహంలో ఆ తేలిక నిలవలేదు. తను సంతోషించిన సంగతి తలుచుకుంటేనే అతనికి సిగ్గేసింది. అక్క తప్పు చేయలేదని ఆనందపడ్డాడు గానీ, తప్పు ఎవరిదో ఇన్నేళ్లలో ఒక్కసారైనా ఆలోచించలేదు. టిక్కెట్టు కొన్నది ఎవరు? చీకట్లో ఈలలు వేసింది ఎవరు?

చదువుతున్నవారూ కాస్త ఆలోచించండి. అలాంటి హాళ్లు ఖాళీగా నడవలేదు. వాటిలో కూర్చుని బయటికొచ్చినవాళ్లు ఉద్యోగాలు చేశారు, పెళ్లిళ్లు చేసుకున్నారు, గుడి కమిటీల్లో పెద్దలయ్యారు. మచ్చ మాత్రం ఆడవాళ్లకే మిగిలింది.

అన్నాలు వడ్డించారు. అంపారో ఎప్పటిలా తన కంచం వంటింట్లోకి తీసుకెళ్లబోతుంటే, క్లెటో లేచి తన పక్క కుర్చీ లాగాడు. "ఇక్కడ కూర్చో అక్కా."

పురిటా వడ్డిస్తున్నదల్లా భర్తవైపు తిరిగింది.

"రేపు హోనోరియోగారి ఇంటికి నేనే వెళ్తాను" అన్నాడు క్లెటో. "రోవేనా వెనక మొదటి కొవ్వొత్తి మా అక్క పట్టుకుంటుంది. కుదరదంటే కిరీటం వాళ్ల దగ్గరే ఉంచుకోమంటాను."

"అవును నాన్నా, నాకూ వద్దు" అంది రోవేనా.

"ఆయన ఊరుకుంటాడా?" అంది పురిటా. "ఊళ్లో తలెత్తుకోగలమా?"

"ఆ రోజు హాల్లో నాకు రెండు వరసల ముందు కూర్చుని ఈల వేసింది ఆయనే, పురిటా. చివరిదాకా చూసే ఉంటాడు. సిగ్గుపడాల్సింది తెర మీద కనపడిన ఆడదా, చీకట్లో కూర్చుని చూసి వెలుతురులోకి వచ్చాక ఆమెకు తలుపులు మూసిన మేమా? ఈ మాట నేను ఆయన్ని ఆయన వాకిట్లోనే, అందరూ వినేట్టు అడుగుతాను."