మారని వంత

గద్వాలలో షోయబ్‌ది కొత్త కాపురం. భార్య రుక్సార్‌కు ఇంట్లో ప్రతిదీ పండుగే. ఒకే సాసరులో చెరో గుక్క చాయ్ తాగడం, అతని ఆటో అద్దానికి తన గాజులు వేలాడదీయడం, అన్నీ సంబరమే. ఆ ఎండాకాలం సాయంత్రం వాళ్లు చాయ్ తాగుతుండగా గుమ్మం ముందు జీపు ఆగింది. కురుమయ్య దిగాడు.

కాలేజీ రోజుల్లో అతనూ, షోయబూ ఒకే ఎర్రజెండా కింద వలసకూలీల మీద పాట కట్టి ఊరూరా పాడారు. కురుమయ్య పాట ఎత్తుకుంటే షోయబ్ వంత అందుకునేవాడు. ఇప్పుడు షోయబ్ ఆటో నడుపుతున్నాడు. కురుమయ్య అధికార పార్టీ కళాబృందానికి నాయకుడు.

“ఏం చెల్లె, మావోడు నీకు పాటలు పాడుతుండా, హారన్ కొడుతుండా?”

“రెండు ఒక్కతీరే ఉంటయన్నా,” అంది రుక్సార్.

కురుమయ్య నవ్వి అసలు సంగతికి వచ్చాడు. “రేపు సభల మన పాట పాడాలె. నువ్వు వంత పట్టు. జర మార్చినం. ‘నీళ్లేవి’ అన్నకాడ ‘నీళ్లొచ్చె’ అంటం. మా బృందంల నీకు నౌకరీ ఖాయం.”

“నీళ్లు యాడొచ్చినయి రా? మీ తమ్ముడు ఇంక పుణెలనే మట్టి మోస్తుండు గద.”

“జెండా మారితె మాట మార్తది.”

“వస్త. గని నా వంత మార్చను. ముందుగాల్నే చెప్తున్న.”

“స్టేజెక్కినంక నువ్వే దారికొస్తవు,” అంటూ కురుమయ్య జీపెక్కాడు.

షోయబ్ భార్య వైపు చూశాడు. “నౌకరీ పోతది. ఫికర్ లేదా?”

“ఒక్క సాసరుల తాగెటోళ్లం. మనకేం ఫికర్?”

మర్నాడు షోయబ్, రుక్సార్ ఆటోలో సభకు వచ్చేసరికి మైదానం నిండింది. పుణె నుంచి తిరిగొచ్చిన కూలీలే సగం.

“మా పల్లెకు నీళ్లొచ్చె...” కురుమయ్య ఎత్తుకుని ఆగాడు.

“నీళ్లేవిరో అన్న, తమ్ముడెప్పుడొస్తడురో,” అని షోయబ్ అందుకున్నాడు.

మైకు ఆపేశారు. కానీ ముందు వరుసలో కూర్చున్న ఆడవాళ్లు ఆపలేదు. మైదానమంతా ఆ వంత అందుకుంది. విచిత్రమేమిటంటే, కురుమయ్య చేతిలోని డప్పు కూడా పాత అలవాటుతో ఆ వంతకే దరువు వేసింది.

కార్యకర్తలు షోయబ్‌ను కిందికి నెట్టారు. ఆటో దాకా వెంటవచ్చిన కురుమయ్య, “నా పరువు తీసినవు,” అన్నాడు.

రుక్సార్ ఆటోలోంచే బదులిచ్చింది. “ఏ జెండ పట్టుకుంటవో నీ ఇష్టమన్నా. పాట మాత్రం వలసపోయినోళ్లది. దాన్ని అమ్మెతందుకు అది నీది గాదు, మాది గాదు.”