పాము చూసిన వైపు

నేను ఒక శాసనాన్ని. శాసనమనగానే రాయి అనుకుని చేతులు జోడించకండి. వేలితో తట్టి చూడండి, నూనె అయిపోయిన డబ్బాలా మోగుతాను. నా ఒళ్లు ఫైబరు, లోపలంతా ఖాళీ. సినిమావాళ్ల లెక్కలో నాకు వెయ్యేళ్లు. అసలు వయసు చెబితే మీరు నవ్వుతారు, ఇంకా బడికి పంపే వయసే.

నన్ను పుట్టించింది హైదరాబాదులో ఒక రేకుల షెడ్డులో ఆర్ముగం అనే మేస్త్రి. ముందు మట్టితో బొమ్మ చేసి, దాని మీద అచ్చు తీసి, ఆ అచ్చులో నన్ను పోశాడు. పైన పడగ విప్పిన పాము, దాని కింద వరసలు వరసలుగా రాత. ఆ రాత ఏ భాషదీ కాదు. పాతగా ఉండాలి, ఎవరికీ అర్థం కాకూడదు అని ఆర్ట్ డైరెక్టరు చెప్పి వెళ్లాడు. ఆర్ముగం తనకు తోచిన గీతలు గీసుకుంటూ పోయాడు. ఆ తర్వాత టీ డికాషను పూసి, బొగ్గుపొడి చల్లి, మూలల్లో నాచు రంగు అద్ది, ఒక్క మధ్యాహ్నంలో నన్ను ముసలిదాన్ని చేశాడు. మనుషులు ముసలితనం దాచుకోవడానికి రంగేసుకుంటారు, నాకేమో అది తెప్పించడానికి వేశారు. అయినా ఆర్ముగం మంచివాడు. పాము కళ్లు దిద్దేటప్పుడు ఊపిరి బిగబట్టి దిద్దాడు. ఆ కళ్లతోనే నేను లోకాన్ని చూస్తున్నాను. చూడటం తప్ప నాకింకేమీ రాదు.

గుప్తనిధుల సినిమా కోసం నన్ను అనంతపురం దిక్కున ఒక గుట్ట మీదికి తీసుకొచ్చారు. లారీ ఆగిన చోటి నుంచి ఒకే మనిషి భుజాన వేసుకుని, నోట్లో బీడీతో, ఎక్కడా ఆగకుండా ఎక్కేశాడు. పక్కన మేకలు కాస్తున్న ఓబుళమ్మ అనే ముసలామె అది చూసింది.

నన్ను నిలబెట్టిన చోటికి కొంచెం ఎదురుగా, సగం భూమిలోకి దిగబడిన ఒక చిన్న రాయి ఉంది. దాని మీద ఒక మనిషి, ఒక పులి. మనిషి బాకు పులి పొట్టలో ఉంది, పులి పంజా మనిషి భుజం మీద ఉంది. మంద మీద పడ్డ పులితో పోరాడి చచ్చిపోయిన ఎవరికో, ఎన్నో వందల ఏళ్ల కింద, ఊరు నిలబెట్టిన వీరగల్లు అది. కెమెరాకు అది ఆనలేదు. మరీ చిన్నగా ఉంది, పాతదానిలా లేదు అన్నారు. దాని నెత్తిన మజ్జిగ గ్లాసులు పెట్టుకున్నారు.

పడగ మీద నీడ పడుతోందని కెమెరామన్ నన్ను కాస్త పక్కకు తిప్పించాడు. అలా నా చూపు సరిగ్గా ఆ రాయి మీద నిలిచింది. ఇది గుర్తుపెట్టుకోండి, మిగతా కథంతా దీన్నుంచే పుట్టింది.

హీరో పురావస్తు పరిశోధకుడట. ఆ ఎండలో తోలు కోటు, నడుముకు తుపాకి. నా మీద దుమ్ము ఉఫ్‌మని ఊది, ఆర్ముగం గీసిన పిచ్చిగీతల్ని గడగడా చదివేశాడు. నాగుని చూపు పడిన చోట నవనిధులు నిద్రిస్తున్నాయట. నా మీద అంత గొప్ప సంగతి ఉందని నాకే అప్పుడు తెలిసింది.

షూటింగు అయిపోయిన రోజు గుమ్మడికాయ కొట్టారు. అది సినిమావాళ్ల ఆనవాయితీ, పని ముగిసినప్పుడు దిష్టి తీసి గుమ్మడికాయ పగలగొడతారు. కెమెరా అప్పటికే పెట్టెలోకి వెళ్లిపోవడంతో ఆ హారతేదో నా ముందే ఇచ్చారు. నాకు కుంకుమ పెట్టారు, కర్పూరం వెలిగించారు, కుంకుమ పూసిన గుమ్మడికాయను నా కాళ్ల దగ్గర బద్దలు కొట్టారు. లారీలో చోటు చాలక, నాకోసం ఇంకో బండి పంపిస్తామని చెప్పి వెళ్లారు. ఆ బండి ఇంకా దారిలోనే ఉంది కాబోలు.

కింది ఊరివాళ్లు ఇదంతా దూరం నుంచి చూశారు. వాళ్ల లెక్కలో గుమ్మడికాయ కొడితే బలి ఇచ్చినట్టు, బలి ఇస్తే ప్రతిష్ఠ జరిగినట్టు, ప్రతిష్ఠ జరిగినదాన్ని కదిపితే ఊరికి అరిష్టం. ఓబుళమ్మ చెప్పి చూసింది, అది రాయి కాదు, ఒక్కడు బీడీ తాగుతూ మోసుకొచ్చాడు అని. సర్పంచి పక్కీరప్ప ఆమెకు ఇచ్చిన జవాబు నాకిప్పటికీ గుర్తే.

"సినిమావోళ్లు మోసింది నిజమేనక్కా. పూజ చేసింది గూడా నిజమే గదా."

ఓబుళమ్మ మేకల్ని తోలుకుని వెళ్లిపోయింది.

సినిమా విడుదలై బాగా ఆడింది. ఇక జనం రావడం మొదలుపెట్టారు. నా పక్కన నిలబడి ఫోటోలు దిగారు, టెంకాయలు కొట్టారు, చెవి ఎక్కడుందో తెలియక పడగకు నోరు ఆనించి కోరికలు చెప్పుకున్నారు. అందరికీ కావలసింది ఒకటే, బంగారం. అంతమంది వచ్చినా నాతో మాట్లాడినవాళ్లు ఒక్కరూ లేరు. అడగడం వేరు, మాట్లాడటం వేరు.

మాటంటే ఎలా ఉంటుందో నాకు ఓబుళమ్మ వల్లే తెలిసింది. ఆమె ప్రతి సోమవారం ఎదురు రాయి దగ్గరికి వచ్చేది. అది వాళ్ల వంశంవాడిదట. కడిగి, పసుపు పూసి, ఎదురుగా చతికిలబడి "తాతా" అని మొదలుపెట్టేది. ఏ మేక ఈనిందో, ఏ వాన మోసం చేసిందో, కోడలు ఎందుకు మూతి ముడుచుకుందో, అన్నీ చెప్పేది. ఇంట్లో పెళ్లి కుదిరితే మొదటి పత్రిక అక్కడే పెట్టేది. ఏమీ అడిగేది కాదు. నేను చూస్తూ ఉండేదాన్ని. నాకు కుళ్లుగా ఉండేది, ఎందుకు దాచాలి? వాడికి మనవరాలుంది. నాకు వచ్చీపోయే జనమున్నారు.

ఊరంతా పక్క ఊరి తేరుకు పోయిన ఒక పగటిపూట నలుగురు గడ్డపారలతో వచ్చారు. ముందు నాకు దండం పెట్టారు. తర్వాత నా కంటి దగ్గర తాడు పట్టి, చూపు ఎటు పోతుందో కొలిచి, తిన్నగా ఆ వీరగల్లు దగ్గరికి నడిచారు. అటు కాదు, నన్ను ఇలా తిప్పింది నీడ కోసం అని అరవాలనిపించింది. నోరుంది, తెరుచుకునే ఉంది, కానీ అది ఆర్ముగం చేసిన నోరు. గడ్డపార దూర్చి పెకలించబోతే రాయి నిట్టనిలువునా రెండు ముక్కలైంది. కింద మనిషి లోతు తవ్వారు. ఎర్రమట్టి, దాని కింద బండ. అంతే.

"సినిమాలో ఉండింది గదన్నా" అన్నాడు అందులో చిన్నవాడు, ఏడుపు గొంతుతో.

పోతూ పోతూ ఒకడు నన్ను బూతులు తిట్టాడు. మళ్లీ భయమేసి లెంపలు వేసుకున్నాడు.

ఓబుళమ్మ ఆ సాయంత్రమే వచ్చింది. గుంట అంచున కూర్చుని, రెండు ముక్కలనూ దగ్గరికి లాగాలని చూసింది. కదలలేదు. ఆమె ఏడుస్తుంటే నా కళ్లు అటే ఉన్నాయి. రెప్పలు లేనివాళ్ల బాధ మీకు తెలియదు.

జిల్లా మ్యూజియం నుంచి షమీమ్ అనే అధికారి వచ్చింది. నన్ను ఒక్కసారి తట్టి, ఆ మోత విని, తల అడ్డంగా ఊపింది. ముక్కల్ని ఇనుప కడ్డీలతో అతికించవచ్చంది. అయితే అతికించాక రాయి మ్యూజియంలోనే ఉండాలంది. ఓబుళమ్మ ఆమె చెయ్యి పట్టుకుంది. తాతను ఇక్కడే ఉంచమంది, అక్కడ ఆయనతో మాట్లాడేవాళ్లు ఎవరుంటారని అడిగింది.

"అవ్వా, ఆ పాము ఇటు చూస్తున్నన్నాళ్లూ ఎవడో ఒకడు గడ్డపార తెస్తూనే ఉంటాడు" అంది షమీమ్. "అది ఉన్నచోట దీన్ని వదిలి నేను పోలేను."

ఓబుళమ్మ నావైపు చూసింది. తిప్పేస్తే సరిపోతుందా అని అడిగింది. షమీమ్ సరిపోతుందంటూ నావైపు అడుగెయ్యబోయింది, కానీ చుట్టూ చేరిన జనం గొణిగారు. బయటి మనిషి ముట్టుకుంటే గొడవవుతుందని ఆమె ఆగిపోయింది. పక్కీరప్పేమో పూజారిని అడగాలన్నాడు, ముహూర్తం చూడాలన్నాడు, శాంతి చేయించాలన్నాడు.

ఓబుళమ్మ చేతికర్ర కింద పెట్టింది. అప్పుడే రాయికి పూసిన పసుపు ఇంకా ఆరని చేతులతో వచ్చి, నన్ను రెండు పక్కలా పట్టుకుంది. ఆర్ముగం తర్వాత నన్ను అలా పట్టుకున్నవాళ్లు లేరు. ఆమె ముఖం నా ముఖానికి దగ్గరగా వచ్చింది.

"నీ తప్పేముందిలే నాయనా" అంది మెల్లగా. "ఎవురో చేసినారు, ఎవురో నిలబెట్టినారు. ఆ పక్కకు చూడు."

ఎత్తి, తిప్పి, పెట్టేసింది.  ఏమంత బరువని నేను?

ఆమెకు ఏమవుతుందోనని ఊరు కొన్నాళ్లు కాచుకుంది. ఏమీ కాలేదు, పైగా ఆ ఏడాది ఆమె మేకలు జంటపిల్లల్ని ఈనాయి. ఇప్పుడు నా ఎదుట, ఎడమ పక్కకు వంగి, ఏనుగంత రాతిగుండు. నిధి దాని కడుపులో ఉందని కొందరు వచ్చారు, గుండును ఎగాదిగా చూసి, టెంకాయ చిప్పలు కూడా వదిలేసి పోయారు. తర్వాత ఎవరూ రావడం లేదు. నా కడుపులో ఒక తొండ కాపురముంటోంది. దాని మానాన అది ఉంటుంది.

రాయిని అతికించి ఉన్నచోటే నిలబెట్టారు. నేను చూడలేదు, విన్నాను. మొదటి సోమవారం ఓబుళమ్మ గొంతు నా వెనకనుంచి వచ్చింది. అతికించిన పగులు మనిషికీ పులికీ మధ్య ఇంకా సన్నగా కనిపిస్తోందట.

"పులి రవ్వంత దూరం జరిగిందిలే తాతా" అంది ఆమె. "ఇంక నీకు భయం లేదు."

ఇప్పటికీ సోమవారాలు ఆ గొంతు వింటాను. నాతో ఆమె మళ్లీ మాట్లాడలేదు, మాట్లాడాల్సిన పని ఆమెకేముంది? తిరిగి చూడాలని ఉంటుంది. పడగ పెట్టిన ఆర్ముగం మెడ తిప్పే వీలు పెట్టలేదు. ఆమె పట్టుకున్నప్పుడు నా రెండు పక్కలా పసుపు చేతులు పడ్డాయి. కుడివైపుది మొదటి వానకే కడుక్కుపోయింది. ఎడమవైపు, గుండు చాటున వాన తగలని చోట, అయిదు వేళ్లూ ఇంకా ఉన్నాయి.