వెర్నెట్ గీసిన కారం గీత

మూడోసారి కూడా గార్త్ ఆమె మీదికి వచ్చేశాడు.

"చచ్చావు," అన్నాడు, నెత్తిన కప్పుకున్న పాత గోధుమరంగు దుప్పటిని పక్కకు తోసి. ముఖమంతా చెమట. "మూడుసార్లూ చచ్చావు. ఇక నేను బీరు తాగుతా."

"క్లిప్పు బిగుసుకుపోయింది. ఇంకొక్కసారి రా."

"ఎలుగుబంటి ఇంకొక్కసారి రాదే, ట్వైలా."

వరండాలో కుర్చీ వేసుకుని వెర్నెట్ చిక్కుడుకాయలు తుంచుతూ ఇదంతా చూస్తోంది. గార్త్‌కి అక్క, ట్వైలాకు ఆడబిడ్డ ఆవిడ. డెబ్బై రెండేళ్లు. ఎవరి మాటా వినిపించుకోనవసరం లేని వయసు అది అని ఆవిడ నమ్మకం.

"తమ్ముడికి ఆ దుప్పటి కూడా దండగ," అంది. "ఊరికే పరిగెత్తినా సరిపోయేది."

ట్వైలా నవ్వలేదు. స్వాన్ లోయలో ముప్పయ్యేళ్లు బడి బస్సు నడిపి, జూన్‌లోనే ఉద్యోగం మానేసింది. ఏ పనైనా పద్ధతిగా నేర్చుకోవడం ఆమెకు అలవాటు. పోయిన వారం అగ్నిమాపక కేంద్రంలో ఎలుగుబంటి మీద కొట్టే కారం స్ప్రే ఎలా వాడాలో చెబుతున్నారంటే వెళ్లి ముందు వరసలో కూర్చుంది. సాధన చేసుకోవడానికి కారం లేని డబ్బా ఒకటి ఇచ్చి పంపారు. డబ్బా సంచిలో కాదు, నడుముకే ఉండాలి. బొటనవేలితో క్లిప్పు లాగాలి. ముప్పై అడుగుల దూరంలోకి వచ్చినప్పుడు జంతువు ముఖానికి కాదు, దాని ముందు కాస్త కిందికి కొట్టాలి. అది పరిగెత్తుకొచ్చి తనంతట తానే ఆ కారపు మబ్బులో దూరుతుంది. వినడానికి ఎంత తేలికో. గార్త్ పరిగెత్తుకొస్తుంటే మాత్రం ముప్పై అడుగులు మూడడుగుల్లా అయిపోతున్నాయి.

"నలభయ్యేళ్లుగా పళ్లకు పోతున్నాను," అంది వెర్నెట్. "ఏ డబ్బా లేదు. నోరుంది. గట్టిగా మాట్లాడుకుంటూ పోతే వాటి దారిన అవి పోతాయి."

"మీ నోటికి ఎలుగుబంట్లే కాదు వదినా, చెట్లు కూడా పక్కకు జరుగుతాయి."

వెర్నెట్ ఇంకో చిక్కుడుకాయ తుంచింది. తర్వాత, ఏదో చిన్న సంగతి చెబుతున్నట్టు, "రేపు పొద్దున్నే పళ్లకు పోతున్నా. మోకాళ్లు బాగాలేవు. నువ్వు కూడా రా," అంది.

బీరు సీసా గార్త్ నోటి దగ్గరే ఆగిపోయింది. వెర్నెట్ అడవిలో కాసే హకుల్‌బెర్రీ పళ్లు కోసుకొచ్చే చోటు ఎక్కడో ఆ లోయలో ఎవరికీ తెలియదు. ఏటా ఆగస్టులో బకెట్ల నిండా నల్లటి పళ్లు తెచ్చేది, అడిగినవాళ్లకల్లా ఒక్కో దిక్కు చెప్పేది.

"నన్నెప్పుడూ తీసుకెళ్లలేదే," అన్నాడు గార్త్.

"నీకు నోరు నిలవదు కాబట్టి."

మర్నాడు ట్వైలా అసలు కారం డబ్బానే నడుముకు కట్టుకుని వెర్నెట్ ట్రక్కును నడిపింది. ఎక్కడ తిరగాలో వెర్నెట్ గడ్డంతో చూపించింది. కుడి చెయ్యి ఎత్తి చూపిస్తే దారిన పోయేవాళ్లు గమనిస్తారట.

"ఆ డబ్బా తీసి అద్దం ముందు పెట్టు. సీటు బెల్టుకు అడ్డంగా ఉంది," అంది వెర్నెట్.

"ఎండకు పేలితే ఇద్దరం కదిలే బండిలోంచి దూకాల్సిందే."

"ఇంత పిరికిదానివి, బస్సు ఎలా నడిపావే."

"ఇలాగే నడిపాను. ఒక్క పిల్లాడికి కూడా దెబ్బ తగల్లేదు."

బండి దిగాక ఇరవై నిమిషాల నడక. వెర్నెట్ కర్ర ఆనుకుంటూ ముందు నడుస్తూ, "వస్తున్నామయ్యా, వస్తున్నాం, జరగండి జరగండి," అని పొదలకేసి అరుస్తూ పోయింది. మలుపు దగ్గర, వాగు చప్పుడు ఎక్కువగా ఉన్నచోట, గొంతు ఇంకా పెంచింది. అడవిలో ఎలా నడవాలో ఈ మనిషికి ఎవరూ నేర్పక్కర్లేదని ట్వైలాకు అర్థమైంది.

ఎప్పుడో కాలిపోయిన కొండవాలు అది. మోడుల మధ్య నడుమెత్తు పొదలు, ప్రతి కొమ్మకూ పళ్లు. ట్వైలా ఈ చివరి నుంచి ఆ చివరి దాకా చూసింది. వెర్నెట్ ఆమె ముఖం చూసి సంతోషించింది గానీ, "చూసింది చాలు, కొయ్యి," అంది.

గంటన్నరలో బకెట్లు సగానికి వచ్చాయి. తిండి సంచి ఒక మొద్దు మీద పెట్టారు, లోపల పందిమాంసం సాండ్విచ్‌లు, నిమ్మకాయ బిస్కెట్లు. ట్వైలా నడుముకున్న డబ్బాను బెల్టుతో సహా విప్పి మొద్దు పక్కన పెట్టింది.

"చెట్టు చాటుకు వెళ్లొస్తా వదినా. ఇది మీ దగ్గరుంచుకోండి."

ఆమె తిరిగి వచ్చేసరికి వెర్నెట్ నేల మీద కూర్చుని ఊపిరి ఆడనట్టు దగ్గుతోంది. కళ్లలోంచి నీళ్లు ధారగా కారుతున్నాయి. మొద్దు చుట్టూ నేల మీద నారింజరంగు తడి గీత.

"ఏం చేశారు?"

"తిండి సంచి దగ్గరికి రాకుండా," దగ్గు, "చుట్టూ ఒక గీత," మళ్లీ దగ్గు, "చీమల మందులాగా."

ట్వైలా ఆవిణ్ణి గాలికి ఎదురుగా పక్కకు లాగి, సీసాలో నీళ్లు ముఖాన పోసింది. "రుద్దకండి. రుద్దితే ఇంకా మండుతుంది."

"ఇప్పటికే బాగా మండుతోందిలే."

"అది చల్లుకునే మందు కాదు వదినా. దాని ముక్కులోకి, కళ్లలోకి పోతేనే పని చేస్తుంది. నేల మీద ఆరిపోతే అది ఉత్త మసాలా. వాసనకు ఏమిటా అని చూడ్డానికి వస్తాయి. క్లాసులో ప్రత్యేకంగా చెప్పారు."

వెర్నెట్ తడి కళ్లతో ఆ గీతకేసి చూసింది. "అంటే నేను వాటిని భోజనానికి పిలిచానన్నమాట."

"పిలిచారు. పదండి పోదాం."

ట్వైలా డబ్బా చేతిలోకి తీసుకుని ఊపింది. తేలిగ్గా తగిలింది. మొత్తం ఎనిమిది సెకన్ల సరుకు. అందులో ఎంత నేలపాలైందో తెలియదు. సంచి, బకెట్లు తీసుకుని బయల్దేరారు. ముఖం మంట తగ్గక, కాళ్లు సాగక, వెర్నెట్ నాలుగడుగులకోసారి ఆగుతోంది. దగ్గు వల్ల గొంతు పోయింది. పొద్దుటి అరుపులు లేవు.

వాలు చివరికి చేరేసరికి వెనక కొమ్మలు విరిగిన చప్పుడైంది. ట్వైలా తిరిగి చూసింది. మొద్దు దగ్గర గ్రిజ్లీ ఎలుగు ఉంది. బస్సు ముందుభాగమంత వెడల్పు. ముక్కు నేలకానించి, వెర్నెట్ గీత వెంబడి వాసన చూసుకుంటూ, బుద్ధిగా మొద్దు చుట్టూ తిరుగుతోంది.

"వెనక్కి తిరక్కండి వదినా. మెల్లగా నడుస్తూ ఉండండి."

"వచ్చిందా?"

"వచ్చింది."

"పెద్దదా?"

"చాలు, నడవండి."

మూడడుగులు వేశారో లేదో వెర్నెట్ మోకాలు మడతపడింది. ఇనుప బకెట్ రాయికి తగిలి గణగణమంటూ దొర్లింది. ఎలుగు తల ఎత్తింది. ఒక్కసారి ఊపిరి బుస్సున వదిలింది. చెవులు వెనక్కి వాల్చి పరుగందుకుంది.

బొటనవేలు దానంతటదే క్లిప్పు లాగేసింది. గాలి ట్వైలా ఎడమ చెంపకు తగులుతోంది. గాలి పక్కవాటంగా ఉందనుకుంది, రెండడుగులు ఎడమవైపు జరిగి, కింద పడ్డ మనిషికి అడ్డంగా నిలబడింది. చెయ్యి నొక్కెయ్యమంటోంది. ఇంకా దూరం. ఇంకా దూరం. గార్త్ దుప్పటి కప్పుకుని పెరట్లో ఉయ్యాల కట్టిన చెట్టు దాటిన చోటు గుర్తొచ్చింది, అంత దగ్గరికి వచ్చాక దాని ముందు నేలకు పైగా గురిచూసి నొక్కింది.

నారింజరంగు మబ్బు లేచింది. ఎలుగు అందులోకి దూసుకొచ్చింది, ముందుకాళ్లు తన్నిపెట్టి ఆగింది. తల అటూ ఇటూ విదిలించింది. ట్వైలా మళ్లీ నొక్కింది. డబ్బా రెండు క్షణాలు కొట్టి, తుస్సుమని ఆగిపోయింది. ఇక ఏమీ లేదు. ఖాళీ డబ్బా చాచిపట్టుకుని అలాగే నిలబడింది. ఎలుగు పక్కకు తిరిగి, పొదల్ని తొక్కుకుంటూ, తుమ్ముతూ, వాలు దిగి పారిపోయింది.

"పోయిందా?" అంది వెర్నెట్ నేలమీదనుంచి.

"పోయింది."

"అయితే నన్ను లేపు."

"కర్ర పట్టుకోండి."

పరిగెత్తలేదు. వెర్నెట్ పరిగెత్తే స్థితిలో లేదు, ట్వైలా పరిగెత్తనివ్వనూ లేదు. భుజం మీద చెయ్యి వేయించుకుని, ఆవిడ బదులు తనే అరుచుకుంటూ నడిచింది. ఏం అరవాలో తోచక, ముప్పయ్యేళ్లు బస్సులో రోజూ అరిచినవే అరిచింది: "కూర్చోండి, వెనక సీటు, నీకే చెప్పేది, కూర్చో." ట్రక్కు దగ్గరికి వచ్చేదాకా వెర్నెట్ నవ్వాపుకోలేకపోయింది. నవ్వితే ముఖం మండింది, మండితే తిట్టింది.

సాయంత్రం అటవీ జంతువుల శాఖ కుర్రాడు కోల్బీ ఇంటికొచ్చాడు. అంతా రాసుకున్నాడు. ట్వైలా ఎప్పుడు నొక్కిందో చెప్పినప్పుడు తలెత్తి చూసి, "సరిగ్గా చేశారు," అన్నాడు. తర్వాత లోయ పటం బల్ల మీద పరిచాడు. "ఎక్కడ జరిగింది?"

ట్వైలా వదినకేసి చూసింది. చెప్పడం తన పని కాదు. గార్త్ కూడా మెడ చాచాడు.

"అది తప్పనిసరా?" అంది వెర్నెట్. ముఖం ఇంకా ఎర్రగానే ఉంది.

"ఆ దారి మొదట్లో బోర్డు పెట్టాలి. సెలవులకొచ్చినవాళ్లు పిల్లల్నేసుకుని తెలియకుండా వెళతారు."

వెర్నెట్ పటాన్ని తనవైపు లాక్కుంది. పెన్సిల్ అందుకుని, దగ్గరికి వంగి, పటం మీద సరైన చోటే గుండ్రంగా చుట్టింది. గట్టిగా నొక్కింది కాబట్టి పెన్సిల్ మొన విరిగింది.

"గార్త్," అంది, "నువ్వు కళ్లు మూసుకో."

దారి మూడు వారాలు మూసేశారు. తెరిచిన రోజు వదినా మరదళ్లిద్దరూ చెరో కొత్త డబ్బా నడుముకు కట్టుకుని వెళ్లారు. వెర్నెట్ ముందురోజు సాయంత్రం గార్త్‌ని పదకొండుసార్లు పరిగెత్తించింది. అందులో ఆవిడ చచ్చింది రెండుసార్లే.

కొండవాలు బోసిగా ఉంది. పొదల్లో ఆకులు తప్ప ఏమీ లేవు. అక్కడక్కడా నేలమీద ఊదారంగు ఎలుగు పేడ కుప్పలు.

"తిండిపోతు," అంది వెర్నెట్. "మూడు వారాలు ఇక్కడే కాపురం పెట్టినట్టుంది. ఒక్క పండు మిగల్చలేదు."

ట్వైలా వంగి ఆకుల కింద వెతికింది. ఇద్దరికీ కలిపి గుప్పెడు దొరికాయి. అవి ఇంటిదాకా ఎందుకని, అక్కడే నిలబడి తినేశారు.